పౌరులు, పేటలు: తెలుఁగు పట్టణముల మార్పు (క్రీ. శ. 1591 – 1763)

అమరసింహుఁడు తన కోశమునఁ బురవర్గము నారంభించి, నగరమునకుఁ బర్యాయములు చెప్పుచోఁ బుటభేదన మను నొక మాటను జేర్చినాఁడు. పుటములు, అనఁగా సరకుల మూటలు, విప్పఁబడు చోటు పుటభేదనమని వ్యాఖ్యాతలలోఁ గొందఱు వివరించిరి. ఈ వ్యుత్పత్తి నంగీకరించినచో నగరమునకు లక్షణము కోటయుఁ గాదు, రాజమందిరమును గాదు, బేరము. పాణినియు నాలుగవ యధ్యాయము రెండవ పాదమున, నింద, ప్రావీణ్యము అను రెండర్థములందు నగరశబ్దముమీఁద నొక ప్రత్యయమును విధించి నాగరకశబ్దమును సాధించెను. కావున నాగరకుఁడు మోసగాఁడును గావచ్చును, పనియందు నేర్పరియుఁ గావచ్చును. నగరమునఁ గలవి యీ రెండే యని సూత్రకారుని యభిప్రాయమని నేను చెప్పను. కాని నగరమును జూచినవారికి ముందుగాఁ దోఁచునవి యీ రెండే యనుటకు ఆ సూత్రము సాక్ష్యము.

ఇట్లు శబ్దశాస్త్రము నగరమును బేరమునకును నేర్పునకును స్థానముగాఁ జెప్పుచుండఁగా, మన చరిత్రగ్రంథములు మాత్రము దానిని రాజునకు నీడగానే చెప్పుచున్నవి. వీనిలో నేది సత్యము? 16వ శతాబ్ది చివరనుండి 18వ శతాబ్ది నడిమివఱకుఁ దెలుఁగువారు నివసించిన కొన్ని పట్టణములను దీసికొని, అదే కాలపు ఇంగ్లండు పట్టణములతోఁ బోల్చి, యీ ప్రశ్నమును విచారింపఁదలఁచితిని.

పూర్వపక్షము

ఫ్రాన్సుదేశపు వైద్యుఁడగు బెర్నియరు 17వ శతాబ్ది నడుమ మొగలురాజ్యమునఁ బెక్కేండ్లుండి, ఢిల్లీ, ఆగ్రాలను జూచి, యవి పాదుషా దండువెంటఁ గదలు శిబిరములవంటివి గాని తమంతఁ దాము నిలుచు పట్టణములు గావని భావము వచ్చునట్లు వ్రాసెను. తరువాతివారు పెక్కండ్రు దీనిని హిందూదేశమున కంతకు నన్వయించిరి. ఇంగ్లండున రాజు మాఱినను బట్టణము మాఱదు. దానికి శాసనము, సభ, ముద్ర, ధనాగారము కలవు. మన దేశమున రాజు లేచిన నూరును లేచును. ఇదియే పూర్వపక్షము. నేనును జాలకాలము విద్యార్థుల కిట్లే చెప్పితిని. పట్టణములను విడివిడిగాఁ బరిశీలించిన పిమ్మటఁ గాని దీనిలోని పొరపాటు నాకుఁ దోఁపలేదు. ఆ పొరపాటును దిద్దుకొనుట గుణవంతమగు పనియే యని యీ వ్యాసమును వ్రాయుచున్నాను.

ఇంగ్లండు పురములు

మొదట నుపమానమును జక్కఁగాఁ దెలిసికొనవలెను. 1600 ప్రాంతమున లండనునందు సుమారు 2,00,000 మంది యుండిరి. 1700 నాఁటికి వారు 5,00,000లకు మించిరి. ఈ పెరుగుదల జననముల వలనఁ గలిగినది కాదు. ఆ నగరమునఁ బుట్టువారికంటెఁ జచ్చువారే యెక్కువ. పల్లెలనుండి యేఁటేఁట వచ్చిచేరు యువజనులచేతనే యది పెరిగెను. 1665లో వచ్చిన మహామారిచే మృతినొందినవారు నాఁటి మరణపట్టికల ప్రకారమే 68,596 మంది. మఱుసటి యేఁడు సెప్టెంబరునఁ బుట్టిన యగ్నిచే 13,200 ఇండ్లును 87 దేవాలయములును దగ్ధములయ్యెను. అయినను నగరము మఱల లేచెను.

లండనునకు మేయరు నేర్పఱచుకొను హక్కును 1215లోనే రాజు శాసనపూర్వకముగ నొసఁగెను. తక్కిన పెద్ద పట్టణములకు నట్టి శాసనము లుండెను. అయితే ఊరిలో నుండువాఁడెల్లఁ బౌరుఁడు గాఁడు. తండ్రి హక్కువలన గాని, ధనము చెల్లించి గాని, ఒక శ్రేణిలో శిష్యుఁడుగాఁ బనిచేసి గాని పురస్వాతంత్ర్యమును సంపాదింపవలెను. శిష్యకాలము ఏడేండ్లకుఁ దక్కువగా నుండరాదని 1563 నాఁటి చట్టము. కూలివారు, సేవకులు, స్త్రీలలోఁ బెక్కండ్రు ఈ హక్కునకు వెలుపలివారే. నార్విచ్చి పట్టణమువారు 1570లోఁ దమ యూరి పేదలను ఇంటింటఁ దిరిగి లెక్కవ్రాసిరి. ఆ లెక్కలో రెండువేలకుఁ బైగా జనులు కలరు. ఆ పట్టణమే 1565లో రాజ్ఞి యనుమతితో ఫ్లాండర్సు ప్రాంతమునుండి ముప్పది కుటుంబముల నేఁతగాండ్రను రప్పించి, చెడిపోవుచున్న తన నేఁతను నిలుపుకొనెను. తరువాత 1662 నాఁటి చట్టమువలన, పేదవాఁడొకఁడు క్రొత్తయూరికిఁ బోయినచో వానిని మఱల వాని పూర్వస్థలమునకుఁ బంపు నధికారము గలిగెను. కావున నాఁటి యింగ్లండు పురము నేర్పరికిఁ దలుపు తెఱచుచు, పేదకు మూయుచుండెనని చెప్పవచ్చును. ఈ సంగతిని మనసున నుంచుకొని మన యూళ్లకు వత్తము.

మన యాధారములు

మన కావ్యములలోఁ బురవర్ణనమునకుఁ గొదువ లేదు. కాని ప్రబంధములలోని కోటలన్నియు నాకసమునే యంటును, పరిఖలన్నియుఁ బాతాళమునే తాఁకును. ఇట్టి వర్ణనములనుండి యొక యూరిని మఱియొక యూరినుండి వేఱుపఱుచుట కష్టము. ఓరుగంటి వీథులలో నిద్దఱు మిత్రులను ద్రిప్పిన క్రీడాభిరామము, పలువృత్తులవారి పనిముట్ల పేరులను గూర్చిన హంసవింశతి వంటివి కొన్ని యీ విషయమున నుపకరించును. తక్కినదానికి శాసనములు, విదేశీయుల వ్రాఁతలు, కంపెనీ లెక్కపుస్తకములు శరణ్యములు. విదేశీయులు తమ బేరమునకుఁ గావలసినదానినే చూచిరి. ఇంటిలోపలి జీవితము వారికిఁ దెలియదు. ఈ పరిమితి నెఱిఁగియే వారి సాక్ష్యమును గ్రహింపవలెను.

హైదరాబాదు

గోలకొండకోటలో జనసమ్మర్దము పెరిగి, నీటికొఱఁత కలుగఁగా, మహమ్మదు కులీ కుతుబుషాహ 1591లో మూసీనది కావలియొడ్డున నీ నగరమును నిర్మించెను. నది దాఁటు వంతెన యంతకుముందే 1578లో నాతని తండ్రి ఇబ్రహీము కాలమునఁ గట్టఁబడియుండెను. అనఁగా బాట ముందు, ఊరు తరువాత. నాలుగు వీథులు కూడుచోట నాలుగు మీనారులు నిలిపి, ఆ వీథులవెంట నంగళ్లు తీర్చిరి. నదికి వంతెనయివలి దిక్కున, గోలకొండకుఁ బోవు బాటమీఁదఁ గార్వాను అను బేరగాండ్ర పేట పెరిగెను. రాజు, రాజోద్యోగులు ఆవలియొడ్డునను, సాహుకారులు నివతలియొడ్డునను ఉండుట గమనింపఁదగినది. ఇబ్రహీముకు అద్దంకి గంగాధరకవి తపతీసంవరణోపాఖ్యానము నంకితమిచ్చుట, పటాన్చెరువు అమీనుఖానునకుఁ బొన్నికంటి తెలగనార్యుఁడు యయాతిచరిత్ర నంకితమిచ్చుట పండితులకుఁ దెలిసినవే. ఈ రాజ్యమునఁ దెలుఁగు వీథిలోనే కాక సభలోను నుండెను.

1687లో ఔరంగజేబు గోలకొండను బట్టుకొనెను. బెర్నియరు మతము ప్రకారము ఊరు లేచిపోవలసియుండెను. నిజమునకు నగరము దోఁపిడివలనను గఱవువలనను జాల చిక్కెను, కాని లేచిపోలేదు. 1763లో నిజాము అలీఖాను ఔరంగాబాదు నుండి రాజధాని నిచ్చటికి మార్చువఱకు, సుమారు డెబ్బదియైదేండ్లు ఇది రాజు నివసింపని యూరు. ఆ నడిమి కాలముననే ముబారిజుఖాను నగరమునకుఁ బ్రాకారము నారంభించెను. తరువాత ఆసఫ్‌జాహి దానిని ముగించెను. సుబేదారుఁ డుండెను గదా యని యెవరైన నడుగవచ్చును. ఉండెను, కావున నీ యొక్క దృష్టాంతముచేఁ బూర్వపక్షము తీఱ నోడినదనను. కాని శిబిరమునకు గోడ కట్టరని మాత్రము చెప్పఁగలను.

మచిలీపట్టణము

ఇది యథార్థమగు పుటభేదనము. రాజు నివసింపలేదు, కోటగోడ లేదు. డచ్చివారు 1605 ప్రాంతమునను, ఆంగ్లేయులు 1611లోను ఇక్కడ బేరమునకు దిగిరి. 1618 మొదలు నాలుగేండ్లిచట నుండిన మెత్‌వోల్డు అను నాంగ్లవర్తకుఁడు, ఊరు చిన్నదే యయినను జనము దట్టమనియు, కట్టుబడి బాగులేదనియు, బావులన్నియు నుప్పునీటివే యనియు వ్రాసెను. అట్టి చవుడుభూమి మీఁదికి లోకమును రప్పించిన దేది? వెనుకనున్న పల్లెల మగ్గములు, నిజాంపట్టణపు ప్రాంతమున దొరకు చిరివేరు, దానితో నెఱ్ఱరంగు నెక్కించు నద్దకమువారి నేర్పు. ఇది పాణిని చెప్పిన ప్రావీణ్యము.

నిందయు నచ్చటనే కలదు. సుంకములను రేవు నధికారమును రాజు ప్రతివత్సరమును గుత్తకిచ్చుచుండెనని మెత్‌వోల్డే చెప్పుచున్నాఁడు. ఎక్కువ పాడినవానికి గుత్త. ఏఁడు దాఁటిన నధికారము నిలుచునో లేదో తెలియనివాఁడు ఆ యేఁటనే పిండుకొనును. ఆంగ్లేయులు 1632లో బంగారు ఫర్మానాను సంపాదించి, యేఁటికి 500 వరహాలు చెల్లించి రాజ్యమందలి రేవులలో స్వేచ్ఛగ బేరము చేసికొనుటకు హక్కు పొందిరి. విదేశీయునకుఁ గాగితము దొరకెను. ఊరి సెట్టికి దొరకలేదు. మన పట్టణచరిత్రలోని దుఃఖమంతయు నీ చిన్నమాటలో నున్నదని నా తలంపు.

ఇచ్చటి యద్దకపు బట్ట సముద్రము దాఁటి యేమి చేసెనో యిచట స్మరింపఁదగును. లండనునందలి స్త్రీలు హిందూదేశపు రంగుబట్టల నెంత మక్కువతోఁ గట్టిరనఁగా, అచ్చటి నేఁతగాండ్రకుఁ బని తప్పెను. 1719లో స్పిటల్‌ఫీల్డ్సు నేఁతగాండ్రు వీథులలోఁ దిరిగి, యట్టి బట్టలు కట్టిన స్త్రీలమీఁదఁ బడి వానిని జింపిరి. 1700, 1721 సంవత్సరములలోఁ బార్లమెంటు చట్టములు చేసి యా బట్టలను నిషేధించెను. అనఁగా లండను నేఁతగాఁడు వీథికెక్కి తన సభచేఁ జట్టము చేయించుకొనఁగలిగెను. తరువాతి శతాబ్దిలో మాంచెస్టరు బట్ట వచ్చి మన మగ్గముమీఁదఁ బడినపుడు మన నేఁతగానికిఁ జట్టము చేయు సభ లేదు. 1864 నవంబరు 1వ తేదిని సముద్రము పొంగి సుమారు 30,000 మందిని బలిగొనిన పిమ్మట మచిలీపట్టణము మునుపటి మచిలీపట్టణము కాలేదు. నేఁడు ఆ విద్య సమీపమందలి పెడనలో నిలిచియున్నది. ఊరు తగ్గెను గాని నేర్పు చావలేదు.

చెన్నపట్టణము

1639లో దామెర్ల వేంకటాద్రినాయకుఁ డాంగ్లేయులకు సముద్రతీరమున నొక తునుక నేలనిచ్చెను. ఆయన తండ్రి చెన్నప్పనాయకుని పేరనే యా యూరు చెన్నపట్టణమయ్యెను. కోటలో దొరలు, కోటకు వెలుపల మనవారు. ఆ వెలుపలి యూరి నడుమఁ జెన్నకేశవాలయము వెలసెను. దానికి 1646లో మందుగుండు చేయు నాగభట్టును, 1648లోఁ గంపెనీ ప్రధానవర్తకుఁడు బేరి తిమ్మన్నయు దానపత్రములు వ్రాసిరి. రాజు కట్టింపని గుడి, సెట్టి నడపిన గుడి. కోటయెదుట మైదానము కావలెనని 1757లో దానిని బడఁగొట్టిరి. తరువాతఁ గొన్నియేండ్లకు మఱియొకచోట మఱలఁ గట్టఁబడెను.

ఈ యూరివారు నోరులేనివారు కారు. 1680లోఁ గంపెనీవారి చర్యలపైఁ గోపించి యద్దకమువారు మొదలగువారు ఊరు విడిచి శాంతోమున గుమికూడి, పట్టణమునకు వచ్చు సరకులను నాహారపదార్థములను నాపించిరి. 1686లో నింటిపన్ను వేయఁగాఁ గులపెద్దలందఱు కలిసి యెదిరించిరి. ఇట్లు పన్ను రాకుండఁగా లండనులోని కంపెనీ పెద్దయగు జోసయ్యా చైల్డు ఒక యుపాయమును గనిపెట్టెను: తమవారే సభలోఁ గూర్చుండి విధించిన పన్నును జనులు సంతోషముతోఁ జెల్లింతురని. ఆ తలంపుతో 1688లోఁ జెన్నపట్టణమునకు మేయరు, పన్నిద్దఱు ఆల్డర్మనులు, అఱువదిమంది బర్జెసులు గల పురసంఘ మేర్పడెను. తొలి యాల్డర్మనులలోఁ జిన్న వేంకటాద్రి, ముద్దు వీరన్న, అలంగాత పిళ్ల అను మువ్వురు మనదేశపు వర్తకులు కలరు.

ఇదియే మొదటిసారి తెలుఁగు సెట్టి యింగ్లీషు పద్ధతిని బౌరుఁడగుట. కాని యది యాతఁడు సంపాదించినది కాదు. పన్నుకొఱకు నాతనికిఁ దగిలింపఁబడినది. 1726 నాఁటి క్రొత్త శాసనమునఁ దొమ్మండ్రు ఆల్డర్మనులలో నేడుగురు పుట్టుకచే బ్రిటిషు ప్రజలే కావలెనని, తక్కిన యిద్దఱు స్నేహదేశీయులు కావచ్చునని నిర్ణయించిరి. మనవారి పీట లేచిపోయెను. ఇచ్చినవాఁడే తీసికొనిపోవు హక్కునకు హక్కను పేరు తగునా యని వైయాకరణుఁడు సందేహించును.

సంఘము కంటె గట్టిదొకటి యా యూరిలోనే యుండెను, అది పేట. 1707లోఁ గుడిచేతి కులములకును నెడమచేతి కులములకును వీథుల విషయమై కలహము ముదిరినపుడు, గవర్నరు పిట్టు పెద్దనాయకపేటను గుడిచేతివారికిని, ముత్యాలపేటను నెడమచేతివారికిని విడఁదీసి యెల్లఱాళ్లు నాటింపవలసివచ్చెను. 1734లో సుంకురామసెట్టి తోఁటనేలలో నేఁతవారు, వడుకువారు, అద్దకమువారు, చాకలివారు కాపురముండుటకుఁ జింతాద్రిపేట కట్టఁబడెను. చిన్న మగ్గముల పేట యను నర్థమునఁ జిన్నతరిపేటయే చింతాద్రిపేట యయ్యెనని చెప్పుదురు. గవర్నరుకు సైన్యము కలదు; అయినను నేఁతగానిని బిలిచి చోటిచ్చినఁ గాని బట్ట రాదు.

గద్వాల

ఇఁక మా ప్రాంతము. కృష్ణా తుంగభద్రల నడుమనున్న యీ సీమకు నడిగడ్డ యని పేరు. 17వ శతాబ్ది చివర, 18వ శతాబ్ది మొదటను నేలిన సోమనాద్రి గద్వాలకోటను గట్టించెనని ప్రసిద్ధి. కోటలోఁ జెన్నకేశవస్వామియే వెలసియుండుట చిత్రము. చెన్నపట్టణమున సెట్టిచేఁ బూజలందిన దేవుఁడే యిచట రాజుచేఁ బూజలందెను. ఈ సంస్థానము పండితులకుఁ బెట్టినది పేరు గలది. విద్వద్గద్వాల యను మాట యందుచేతనే పుట్టెను. పూర్వపక్షము నెచ్చటనైనఁ బరీక్షింపవలెనన్న నీ యూరికంటెఁ దగిన చోటు లేదు. ఇది కోటకొఱకుఁ బుట్టిన యూరు, రాజువలనఁ బెరిగిన యూరు.

1948లో హైదరాబాదు రాజ్యము భారతదేశమునఁ గలిసినది. పిమ్మట జాగీరులతోపాటు సంస్థానములును బోయినవి. నేఁడు ఆ కోటలోఁ గళాశాల యున్నది; రాజు లేఁడు. ఊరు లేచిపోయెనా? ధరూరువారమగు మేము పెండ్లిబట్టలకు నేఁటికిని గద్వాలకే పోవుదుము. చీర నడుము నూలు, అంచును గొంగును బట్టు. ఈ రెండింటిని మగ్గముమీఁదనే యతుకు తెలియకుండఁ గూర్చుట యచ్చటివారి నేర్పు. రాజు పండితునకును నేఁతగానికిని నన్నము పెట్టెను. రాజు పోఁగాఁ బండితసభ పోయినది, మగ్గము పోలేదు. నా వృత్తికి దీనివలన గౌరవము పెరుగదని యెఱిఁగియు, సత్యము గావున వ్రాయుచున్నాను. 2016లో నీ యూరు జోగులాంబ గద్వాల జిల్లాకు ముఖ్యస్థాన మగుటయు రాజువలనఁ గలిగినది కాదు.

సిద్ధాంతము

ఇప్పుడు నిర్ణయింతము. ఇంగ్లండున హక్కు పురమునకుఁ జెందినది. మన దేశమున హక్కు పేటకుఁ జెందినది. అచ్చట వ్రాఁతపూర్వకము, ఇచ్చట వాడుకపూర్వకము. శాసనములే మనకు లేవనుటయు సరికాదు. కాకతి గణపతిదేవుఁడు 1244లో మోటుపల్లిరేవున, నోడ పగిలి యొడ్డునఁ బడిన వర్తకుల సరకును గైకొననని యభయశాసనము వేయించెను. కాని యది రాజు వర్తకున కిచ్చిన మాట; ఊరు తన్నుఁ దానేలుకొనుటకుఁ బొందిన యధికారము గాదు. ఈ భేదమును గప్పిపుచ్చుట స్వదేశాభిమానము కానేరదు.

వ్రాసిన హక్కు లేని మన పేటవారు దేనిచేఁ దమ్ముఁ గాపాడుకొనిరి? వలసచేత. శాంతోమునకు నడచిన యద్దకమువారికి వలసయే శాసనము, ఆ దారియే సభ. అందఱు నొక్కమాటుగా లేచిపోవుదుమని చెప్పఁగలిగినంతకాలము దొరయు వారి మాట వినెను. మాంచెస్టరు బట్ట వచ్చిన పిమ్మట వారు లేచిపోయినను దొరకు నష్టము లేదు; అపుడా శాసనము చెల్లనిదయ్యెను. మన పట్టణముల పతనమునకు రాజు పోవుట కారణము గాదు, ఈ బెదరింపు చెల్లకపోవుట కారణమని నా సిద్ధాంతము.

ఇందొక లోపమును జెప్పక విడువరాదు. వలస పోఁగలవాఁడు చేతఁ బని గలవాఁడు. ఊరివెలుపలి వాడలో నుంచఁబడి, యూరి కశ్మలము నెత్తి, మూటలు మోసినవానికిఁ బేటయు లేదు, పెద్దయు లేఁడు. ఒకయూరు విడిచిన మఱియొక యూరనను వెలివాడయే. ఇంగ్లండు పురము పేదకుఁ దలుపు మూసినట్లే మన పేట వీనికిఁ దలుపు మూసెను. రెండు దేశములలోను బౌరశబ్దము పురమున నుండువారి నందఱను జెప్పలేదు. పురమున నుండువాఁడు పౌరుఁడని వ్యాకరణము. తద్ధితప్రత్యయము కులమడుగదు, ధనమడుగదు. ఓటుహక్కుతో నందఱకు నొక్కటే పౌరత్వము నిచ్చిన 1950 నాఁటి రాజ్యాంగమువలన నా వ్యుత్పత్తి మొదటిసారి లోకమున సార్థకమగుట కవకాశము కలిగెను. దానిని సార్థకము చేయుభారము పాఠశాలలలో నీ శబ్దమును బోధించు మావంటివారిమీఁదను గొంత కలదు.